చిన్న గొడవకు పెద్ద పేజీ అవసరమా? వికీపీడియాలో వివాదాల వ్యాసాలపై తరచుగా అడిగే ప్రశ్నలు

తెలుగు వికీపీడియాలో కొత్తగా చేరినవాళ్ళు మొదట రాయాలనుకునేవి సాధారణంగా రెండు. ఒకటి సొంత ఊరి గురించి, రెండోది ఆ వారం అందరూ మాట్లాడుకుంటున్న గొడవ గురించి. మొదటిదానితో ఎవరికీ పేచీ లేదు. చిక్కంతా రెండోదానితోనే. కొన్నేళ్ళుగా రాస్తూ, దిద్దుతూ, అప్పుడప్పుడు చర్చా పేజీల్లో (వ్యాసం మంచిచెడ్డలు వాడుకరులు మాట్లాడుకునే పేజీలు) మాటలు పడుతూ ఉన్న వాడుకరిని కాబట్టి నన్ను తరచూ అడిగే ప్రశ్నలకు ఇక్కడ ఒకేచోట జవాబులు రాస్తున్నాను. ఇది అధికారిక విధానం పేజీ కాదు. కొన్ని చోట్ల నా అభిప్రాయం కూడా ఉంటుంది.

టీవీ చానళ్ళలో నాలుగు రోజులు అదే నడిచింది. వ్యాసానికి అది చాలదా?

చాలదు. చానల్‌కి రోజూ రాత్రికి ఏదో ఒక గొడవ కావాలి, విజ్ఞాన సర్వస్వానికి అక్కర్లేదు. డిబేట్‌లో నలుగురు కూర్చుని అరుచుకుంటే అది ఆ నలుగురి మాట. ఎవరో పరిశీలించి, సరిచూసి రాసిన సమాచారం కాదు.

గొడవ జరిగిందా లేదా అన్నది ఇక్కడ ప్రశ్నే కాదు. జరిగింది, అందరూ చూశారు. అది చల్లారాక, దానితో సంబంధం లేనివాళ్ళు ఎవరైనా మళ్ళీ తీరిగ్గా కూర్చుని దాని గురించి రాశారా? అదీ చూడాల్సింది. నాలుగు రోజులు నడిచిందంటున్నారు కదా, ఐదో రోజు ఏమైందో చూడండి. చానల్ ఇంకో గొడవకు మారిపోయి, ఆ తర్వాత ఆ పేరే ఎవరూ ఎత్తకపోతే మీకు జవాబు దొరికినట్టే.

మరి ఇంగ్లీషు వికీపీడియాలో ఒబామా సూటుకు కూడా వ్యాసం ఉంది కదా?

ఉంది. ఈ ప్రశ్న అడగని కొత్త వాడుకరి లేడు, అందుకే కాస్త వివరంగా చెప్తాను.

2014 ఆగస్టు 28న ఒబామా వైట్‌హౌస్‌లో విలేకరుల ముందుకు లేత గోధుమరంగు సూటులో వచ్చారు. మాట్లాడాల్సింది సిరియా గురించి, ఇస్లామిక్ స్టేట్ గురించి. కానీ జనం చూపంతా సూటు మీదికి పోయింది. అంత గంభీరమైన విషయం మాట్లాడుతూ ఆ బట్టలేమిటని న్యూయార్క్‌కు చెందిన కాంగ్రెస్ సభ్యుడు పీటర్ కింగ్ విమర్శించారు. ఇంతకన్నా చిన్న వివాదాన్ని ఊహించడం కష్టం. ఆ వారమే ఎవరైనా వ్యాసం రాసి ఉంటే, తొలగించాలనే నేనూ అనేవాణ్ణి.

తర్వాత ఏమైందంటే, ఆ సూటును పత్రికలు వదల్లేదు. ఆ తర్వాత వచ్చిన అధ్యక్షుల వివాదాల గురించి రాసినప్పుడల్లా, "ఒకప్పుడు దేశం ఒక సూటు గురించి కొట్టుకుంది" అనే ధోరణిలో దాన్ని కొలబద్దగా వాడటం మొదలైంది. 2021 ఆగస్టులో బైడెన్ అదే రంగు సూటు వేసుకుంటే మళ్ళీ వార్త. 2024 ఆగస్టులో డెమొక్రాటిక్ పార్టీ సదస్సుకు కమలా హారిస్ అదే రంగులో వస్తే మళ్ళీ వార్త. అంటే సరిగ్గా పదేళ్ళ తర్వాత కూడా దాని గురించి కొత్తగా రాస్తున్నారు. సూటు గొప్పదేమీ కాదు, ఆ వ్యాసాన్ని నిలబెడుతున్నది ఈ పదేళ్ళ రాతలు.

కాబట్టి "దానికి ఉంది, దీనికెందుకు లేదు" అన్న వాదన, వ్యాసాన్ని ఉంచాలా తీసేయాలా అనే చర్చలో పనిచేయదు. ఒక వ్యాసం ఉండటానికి ఇంకో వ్యాసం కారణం కాలేదు. ఆ పక్క వ్యాసం కూడా తొలగించాల్సినదే అయి ఉండొచ్చు, ఎవరి కంటా పడలేదేమో!

అయితే ప్రాముఖ్యతను దేనితో కొలవాలి?

విషయ ప్రాముఖ్యత అనే మాటకు వికీలో అర్థం వేరు. మీకో నాకో ముఖ్యమనిపించడం కాదు. ఆ విషయంతో సంబంధం లేని నమ్మదగిన మూలాలు (పత్రికలు, పుస్తకాల లాంటివి) దాన్ని లోతుగా పట్టించుకున్నాయా అన్నదే కొలత. సంఘటనల విషయానికి వస్తే మరికొన్ని చూస్తారు: దాని ఫలితం ఎన్నాళ్ళు నిలిచింది, ఎంత మేరకు పాకింది, మూలాలు ఎంత రకరకాలుగా ఉన్నాయి.

వీటిలో నేను మొదట చూసేది ఫలితాన్ని. 1952లో వరంగల్‌లో ఉపాధ్యాయ నియామకాల దగ్గర మొదలైన ముల్కీ గొడవను (ఉద్యోగాలు స్థానికులకే ఇవ్వాలన్న గొడవ) ఆ రోజుల్లో ఎవరైనా స్థానిక తగాదా అనే అనుకుని ఉండొచ్చు. అది హైదరాబాదు సిటీ కాలేజీ దగ్గర కాల్పుల దాకా వెళ్ళింది. 1969 తెలంగాణ ఉద్యమం గురించి రాసేవాళ్ళు దాన్ని తలచుకోకుండా ముందుకు పోలేరు. కృష్ణా జలాల వివాదం సంగతి చెప్పనే అక్కర్లేదు. 1969లో బచావత్ ట్రిబ్యునల్, 2004లో బ్రిజేష్ కుమార్ ట్రిబ్యునల్. ఎన్ని వ్యాసాలైనా పడతాయి.

ఒక సినిమా పోస్టర్ మీద గొడవ జరిగింది, నిర్మాత సారీ చెప్పాడు, పోస్టర్ మారింది. అక్కడికి అయిపోయింది. దానికి వ్యాసం వద్దు.

నా దగ్గర పది పేపర్ క్లిప్పింగులు ఉన్నాయి. అయినా మూలాలు చాలవంటున్నారేంటి?

ముందు ఆ పదీ పక్కపక్కన పెట్టి చదవండి. పీటీఐ వార్తాసంస్థ ఇచ్చిన ఒకే వార్త పది పత్రికల్లో పడితే అది ఒక్క మూలమే. ప్రెస్ నోట్ మాటలే పది చోట్లా కనిపించినా అంతే.

తెలుగులో మనకు ఇంకో చిక్కు ఉంది. మన దినపత్రికలకు జిల్లా ఎడిషన్లు ఉన్నాయి. మండలంలో బోరు దగ్గర జరిగిన తగాదా కూడా ఫొటోతో సహా వస్తుంది. పాఠకుడిగా నాకది చాలా ఇష్టం, ఆ పేజీలు లేకపోతే పల్లెల చరిత్ర సగం పోయేది. కానీ ఆ పేజీలో పడటానికి ఉండాల్సిన అర్హత, విజ్ఞాన సర్వస్వంలో చేరడానికి ఉండాల్సిన అర్హత ఒకటి కాదు. జిల్లా పేజీలో ఐదు వార్తలకన్నా, మూడు నెలల తర్వాత ఎడిటోరియల్ పేజీలో వచ్చిన ఒక్క విశ్లేషణ వ్యాసం విలువైనది. ఆ తర్వాత ఏ పుస్తకంలోనో ఒక అధ్యాయంగా వస్తే ఇక చర్చే అక్కర్లేదు.

రాజకీయ గొడవలైతే ఇంకా జాగ్రత్త. ఒకే సంఘటన రెండు పత్రికల్లో రెండు వేర్వేరు లోకాల్లో జరిగినట్టు ఉంటుంది. ఒకవైపు పత్రికల నుంచే మూలాలన్నీ తెస్తే వ్యాసం చూడటానికి బరువుగా ఉంటుంది కానీ లోపల డొల్ల.

ఇంకో చిన్న మాట: ఈ-పేపర్ లింకులు త్వరగా చచ్చిపోతాయి. పత్రిక పేరు, తేదీ, ఎడిషన్, పేజీ సంఖ్య రాసుకోండి. వెబ్ పేజీల పాత కాపీలు దాచే వేబ్యాక్ మెషీన్‌లో ఒక కాపీ వేయండి. రెండేళ్ళ తర్వాత తొలగింపు చర్చ వస్తే మిమ్మల్ని కాపాడేది అదే.

సొంత వ్యాసం కాకపోతే ఆ సమాచారం ఎక్కడ పెట్టాలి?

దాదాపు ప్రతి చిన్న వివాదానికీ ఒక పుట్టిల్లు ఉంటుంది. సినిమా, ఊరు, మనిషి, సంస్థ, పండగ, వంటకం, ఏదో ఒకటి. అక్కడ ఒక పేరా రాయండి.

2019 సెప్టెంబరులో "వాల్మీకి" అనే సినిమా పేరు మీద వాల్మీకి బోయ సంఘాలు అభ్యంతరం చెప్పాయి. విడుదలకు ముందు రోజు పేరు "గద్దలకొండ గణేష్" అయింది. ఇది ఆసక్తికరమైన సంగతే, పాఠకుడు తెలుసుకోవాలి కూడా. అయితే ఆ సినిమా గురించి తెలియకుండా ఈ వివాదం అర్థం కాదు, ఈ వివాదం లేకుండా సినిమా వ్యాసం పూర్తి కాదు. కాబట్టి సినిమా వ్యాసంలో "పేరు మార్పు" అని ఒక విభాగం పెడితే సరిపోతుంది. రసగుల్లా కోసం బెంగాల్, ఒడిశా కొట్టుకోవడమూ ఇలాంటిదే. 2017లో బెంగాల్‌కు, 2019లో ఒడిశాకు విడివిడిగా భౌగోళిక గుర్తింపు వచ్చింది. దేశమంతా మాట్లాడుకుంది. అయినా రసగుల్లా వ్యాసంలోనే హాయిగా ఇమిడిపోతుంది.

గొడవ పేరుతో వెతికేవాళ్ళ కోసం దారిమార్పు పేజీ చేయండి. ఆ పేరు నొక్కితే నేరుగా ఆ విభాగానికి వెళ్తారు. దారిమార్పును చాలామంది ఓటమిలా చూస్తారు, ఎందుకో నాకు అర్థం కాదు. వెతికినవాడికి సమాచారం దొరికింది కదా.

పోతన ఎక్కడివాడన్న వాదన సంగతేంటి? అది చిన్న వివాదమా, పెద్దదా?

ఈ ప్రశ్న అడిగినవారికి దణ్ణం పెట్టాలి. తెలుగులో ఈ విషయానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ లేదు.

పోతన బమ్మెరవాడని, ఓరుగల్లు ప్రాంతమే ఆయనదని ఒక వాదం. కాదు, కడప దగ్గర ఒంటిమిట్ట అని ఇంకో వాదం. భాగవతం అవతారికలో (తొలి పద్యాల్లో) వచ్చే ఏకశిలానగరం ఓరుగల్లా, ఒంటిమిట్టా అన్న దగ్గర పేచీ మొదలవుతుంది. వావిలికొలను సుబ్బారావు ఒంటిమిట్ట ఆలయం కోసం జోలె పట్టి తిరిగినవారు, ఆ వాదం మీద పుస్తకమే రాశారు. అటువైపు పండితులూ తగ్గలేదు. రాష్ట్రం విడిపోయి భద్రాచలం తెలంగాణకు వెళ్ళాక, 2015లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం శ్రీరామనవమి ఉత్సవాలకు ఒంటిమిట్టను ఎంచుకుంది. దాంతో పాత వాదన మళ్ళీ లేచింది.

మన కొలతలు పెట్టి చూద్దాం. కాలం? తరాలుగా నడుస్తోంది. మూలాలు? సాహిత్య చరిత్రలు, పీఠికలు, వ్యాసాలు. లోతు? ఒక్క పదం అర్థం మీద పేజీలకు పేజీలు రాశారు. ఎవరి పరువుకైనా నష్టమా? పోతన నవ్వుకుంటాడు తప్ప కేసు వేయడు. కాబట్టి ప్రాముఖ్యత విషయంలో ఈ వివాదం సునాయాసంగా గట్టెక్కుతుంది.

అయినా వెంటనే వేరే వ్యాసం పెట్టమని నేను చెప్పను. ప్రాముఖ్యత ఉంటే వ్యాసం పెట్టొచ్చు, పెట్టి తీరాలని లేదు. పోతన జీవితం గురించి తెలిసింది తక్కువ, ఆ తక్కువలో ఈ వాదన పెద్ద భాగం. దాన్ని బయటకు తీసేస్తే పోతన వ్యాసం వెలవెలబోతుంది. ఆ విభాగం పెరిగిపెరిగి, ఆయన కవిత్వం గురించి ఉన్నదాన్ని మింగేసే స్థితి వస్తే అప్పుడు విడదీయాలి. ఇంగ్లీషు వికీలో 9,000 మాటలు దాటిన వ్యాసాన్ని విడదీయడం మంచిదంటారు. ఇంగ్లీషులో మూడు నాలుగు మాటల్లో చెప్పేదాన్ని తెలుగులో ఒక్క మాటలోనే ఇరికించేస్తాం కాబట్టి ఆ లెక్క మనకు నేరుగా సరిపోదు. చదివేవాడికి విసుగొస్తోందా అన్నదే నా కొలత.

వివాదంలో బతికున్న మనిషి ఉంటే?

అప్పుడు నియమాలు వేరు. రాసే ముందు పదిసార్లు ఆలోచించాలి.

ఈ జాగ్రత్త ఊరికే రాలేదు. 2005 మేలో ఎవరో అనామకుడు అమెరికన్ జర్నలిస్టు జాన్ సీగెంథాలర్ గురించిన వ్యాసంలో ఒక అబద్ధం రాశాడు. జాన్ కెనెడీ, రాబర్ట్ కెనెడీ హత్యల్లో ఆయన పాత్ర ఉందని అనుమానించారట. నిజానికి ఆయన రాబర్ట్ కెనెడీ దగ్గర పనిచేసి, ఆయన శవపేటికను మోసినవాళ్ళలో ఒకరు. ఆ అబద్ధం నాలుగు నెలలకు పైగా పేజీలో అలాగే ఉండిపోయింది. నవంబరులో ఆయన యూఎస్ఏ టుడేలో తన బాధంతా రాసుకున్నారు. డిసెంబరుకల్లా ఇంగ్లీషు వికీపీడియాలో లాగిన్ కాకుండా కొత్త వ్యాసం మొదలుపెట్టే వీలు తీసేశారు. బతికున్నవాళ్ళ గురించి ప్రత్యేక విధానం తయారైంది. విచిత్రం ఏంటంటే, ఈ ఉదంతానికి ఇప్పుడు సొంత వ్యాసం ఉంది. అదీ న్యాయమే. ఒక్క పేరా అబద్ధం ఒక విజ్ఞాన సర్వస్వం పనిచేసే తీరునే మార్చింది కాబట్టి అది చిన్న వివాదం కాకుండా పోయింది.

మామూలు మనుషుల సంగతి ఇంకా సున్నితం. ఒక్క వీడియో వల్ల, ఒక్క పోస్టు వల్ల రాత్రికి రాత్రి అందరి నోళ్ళలో పడ్డవాళ్ళకు జీవితచరిత్ర వ్యాసం పెట్టకూడదు. రాయాల్సి వస్తే సంఘటన గురించి రాయాలి, మనిషి గురించి కాదు. కెనడాలో ఒక కుర్రాడు 2002లో బడిలో స్టార్ వార్స్ సినిమాలో కత్తి తిప్పినట్టు సరదాగా కర్ర తిప్పుతూ తీసుకున్న వీడియోను మరుసటి ఏడు తోటి పిల్లలు అతనికి చెప్పకుండా నెట్‌లో పెట్టారు. స్టార్ వార్స్ కిడ్ అంటూ ప్రపంచమంతా నవ్వింది. ఇంగ్లీషు వికీలో ఆ సంఘటనకు వ్యాసం ఉంది. కానీ పత్రికల్లో పేరు వచ్చినా సరే, చాలా ఏళ్ళపాటు ఆ కుర్రాడి పేరు వ్యాసంలో రాయలేదు. రాయగలిగీ రాయకుండా ఉండటం కూడా సంపాదకుడి పనే.

మన దగ్గర వైరల్ అయిన పల్లెటూరి ఆవిడ గురించో, పరీక్ష తప్పి ఏడ్చిన పిల్లాడి గురించో వ్యాసం మొదలుపెట్టాలనిపిస్తే దయచేసి ఆ కుర్రాణ్ణి గుర్తు తెచ్చుకోండి.

నాయకుడి వ్యాసం బాగా పెద్దదైంది. ఆయన మీద విమర్శలన్నీ వేరే వ్యాసంలోకి మార్చొచ్చా?

ఎవరు అడుగుతున్నారన్నదాన్ని బట్టి నాకు అనుమానం వస్తుంది. అభిమానులైతే అసలు వ్యాసం నున్నగా ఉండాలని విమర్శలను దొడ్లోకి తోస్తున్నారు. వ్యతిరేకులైతే తిట్లకు ప్రత్యేకంగా ఒక పందిరి వేసుకుంటున్నారు. రెండూ, ఎటూ మొగ్గకుండా రాయాలనే తటస్థ దృక్కోణానికి విరుద్ధమే. ఒక వివాదం ఆయన జీవితంలో ఏ సంవత్సరంలో జరిగిందో ఆ సంవత్సరం దగ్గరే రాయండి. చాలావరకు అక్కడే ఇమిడిపోతుంది.

శీర్షికలో "కుంభకోణం" అని పెట్టొచ్చా?

తమిళనాడులోని ఊరి గురించైతే నిరభ్యంతరంగా! ఆ ఊరి పేరు మన పత్రికల్లో అక్రమాలకు మారుపేరు ఎలా అయిందో కానీ, శీర్షికలో ఆ మాట పెడితే తీర్పు చెప్పేసినట్టే. ఆరోపణ దశలో ఉంటే "ఆరోపణలు" అనండి, రెండు వాదాలుంటే "వివాదం" అనండి. అమెరికాలో నిక్సన్ పదవి పోగొట్టిన వాటర్‌గేట్‌ను చూసి ప్రతిదానికీ చివర "గేట్" తగిలించే అలవాటు కూడా మానేస్తే మంచిది.

ఇంగ్లీషులో వ్యాసం ఉంది. అనువాదం చేసి పెట్టేయొచ్చా?

అక్కడ ఉండటం ఇక్కడ ఉండటానికి హామీ కాదు. ఏ భాష వికీ నిర్ణయం ఆ వికీదే. అనువదించే ముందు తెలుగు పాఠకుడికి అందులో ఏం అర్థమవుతుందో ఆలోచించండి. ట్రంప్ 2017 మే 31న ట్వీట్ చేసిన "కోవ్‌ఫెఫే" అనే అర్థం లేని మాటకు ఇంగ్లీషులో వ్యాసం ఉంది. ఆ పేరు కలిసొచ్చేలా అమెరికా కాంగ్రెస్‌లో ఒక బిల్లు కూడా పెట్టారు. అచ్చుతప్పు మీద నడిచిన జోకును తెలుగులో వివరించడానికి పట్టే సమయంలో మన జిల్లాల్లో వ్యాసం లేని చెరువుల గురించి పది రాయొచ్చు. అయినా మీకు సరదా ఉంటే రాయండి, నేను అడ్డుపడను.

ఆ గొడవలో నేనూ ఒకణ్ణి. రాయొచ్చా?

వద్దు. చర్చా పేజీలో మీకు తెలిసింది, మూలాలతో సహా చెప్పండి. వేరేవాళ్ళు రాస్తారు. ఎవరైనా డబ్బిచ్చి రాయిస్తుంటే ఆ సంగతి బయటపెట్టి తీరాలి. వికీమీడియా వాడుక నిబంధనల్లో ఇది 2014 నుంచీ ఉంది.

విషయం కోర్టులో ఉంటే?

కోర్టులో ఉన్నంత మాత్రాన రాయకూడదని లేదు. కానీ పిటిషన్‌లో ఉన్నవి ఆరోపణలు, తీర్పులో ఉన్నవి నిర్ధారణలు. ఏది ఏదో ప్రతి వాక్యంలో తెలియాలి.

వికీపీడియాకే ఈ అనుభవం ఉంది. ఏఎన్ఐ వార్తాసంస్థ వికీమీడియా ఫౌండేషన్ మీద ఢిల్లీ హైకోర్టులో పరువునష్టం దావా వేసింది. ఆ దావా గురించి ఇంగ్లీషు వికీలో ఎవరో వ్యాసం రాశారు. హైకోర్టు ఆదేశంతో 2024 అక్టోబరులో ఆ వ్యాసాన్ని ఎవరికీ కనబడకుండా చేయాల్సి వచ్చింది. 2025 మే 9న సుప్రీంకోర్టు ఆ ఆదేశాన్ని కొట్టేసింది. వికీపీడియాలో ఏఎన్ఐ గురించి రాసిన మాటల మీద మొదలైన గొడవ, ఆ గొడవ గురించిన వ్యాసం, ఆ వ్యాసం మీద వచ్చిన ఆదేశం, ఇలా పొరలు పొరలుగా పెరిగింది. ఇప్పుడు దాని ప్రాముఖ్యతను ఎవరూ ప్రశ్నించరు.

అయితే ఎన్నాళ్ళు ఆగాలి?

తేదీ చెప్పలేను. పదేళ్ళ తర్వాత ఒక పాఠకుడు దీన్ని చదువుతాడా అని ఊహించుకోమని పాత వాడుకరులు అంటారు. నేను అంత దూరం పోను. ఆరు నెలలు ఆగి, కొత్తగా ఎవరైనా ఏమైనా రాశారేమో వెతుకుతాను.

2021 ఏప్రిల్ 21న, శ్రీరామనవమి నాడు, తిరుమల అంజనాద్రే హనుమంతుడి జన్మస్థలమని టీటీడీ ప్రకటించింది. ఆ చోటు కర్ణాటకలోని కిష్కింధే అనేవాళ్ళు ఒప్పుకోలేదు. మే నెలలో తిరుపతిలో ఇరువైపులా కూర్చుని వాదించుకున్నారు, తేలలేదు. ఆ రోజుల్లో నన్ను అడిగితే, తిరుమల గురించిన వ్యాసంలో ఒక పేరా చాలు, మిగతాది తర్వాత చూద్దాం అనేవాణ్ణి. ఆగినందువల్ల పోయేదేమీ లేదు. ఈలోపు మూలాలు పోగుచేసుకుంటూ మీ ప్రయోగశాల పేజీలో (వాడుకరి రాసి చూసుకోవడానికి ఉండే సొంత పేజీ) చిత్తుప్రతి పెంచుకోండి.

తొలగింపు చర్చలో ఏం మాట్లాడాలి?

మూలాల గురించి మాట్లాడండి, మనుషుల గురించి వద్దు. ఇంగ్లీషు వికీలో ఈ చర్చ కనీసం ఏడు రోజులు నడుస్తుంది. తెలుగులో పాల్గొనేవాళ్ళు తక్కువ కాబట్టి ఒక్కోసారి ఇంకా సాగుతుంది. తలలు లెక్కపెట్టరు. "ఉంచాలి" అని పదిమంది రాసినా కారణం లేకపోతే బరువు లేదు. వాట్సాప్ గ్రూపులో చెప్పి స్నేహితుల్ని దింపితే పని ఇంకా చెడుతుంది. కొత్త ఖాతాలు ఒకేరోజు వచ్చి ఒకే మాట అంటే నిర్వాహకులకు అర్థం కాదా?

"తొలగించాలి", "ఉంచాలి" మధ్యలో "విలీనం చేయాలి" అని ఒకటుంది. టెన్షన్ తగ్గించే మాట అది. ముందే మీరే అనేయండి.

నా వ్యాసం తొలగించారు. రాసిందంతా పోయినట్టేనా?

పోదు. పాత కూర్పులు నిర్వాహకులకు కనిపిస్తాయి. మర్యాదగా అడిగితే మీ ప్రయోగశాలలోకి తెచ్చి ఇస్తారు, పరువునష్టం లాంటి సమస్య ఉంటే తప్ప. విలీనం అయితే ఇంకా సులువు, పేజీ చరిత్రలో అంతా ఉంటుంది.

నాకూ అయింది. మొదట్లో మా వైపు ఒక చిన్న పట్నంలో కూడలి పేరు మార్పు మీద జరిగిన గొడవకు వ్యాసం రాశాను. రెండు వర్గాలు, ధర్నా, మున్సిపల్ తీర్మానం, పద్నాలుగు మూలాలు. పద్నాలుగూ ఒకే వారంవి, ఒకే జిల్లా పేజీవి. దాన్ని ఊరి వ్యాసంలో కలిపేశారు. వారం రోజులు లాగిన్ కాలేదు. ఇప్పుడు అది ఆ ఊరి వ్యాసంలో మూడు వాక్యాలుగా ఉంది. అందులో ఒక వాక్యానికి ఈ-పేపర్ లింకు చచ్చిపోయి, మూలం కావాలనే మూస (వాక్యం పక్కన పెట్టే గుర్తు) వేలాడుతోంది. అది పెట్టింది నేనే.